బాబేజీ గారి కోపం

కంప్యూటర్ పితామహుడు ఎవరంటే చార్లెస్ బాబేజీ అని స్కూల్లోనే బట్టీ పట్టాం. ఒక మార్కు బిట్టు, అంతే. మొన్న మినీ ప్రాజెక్టులో గొడవైన రాత్రి నిద్రపట్టక ఆయన గురించి చదివాను. చదువుతుంటే నా గురించి చదువుతున్నట్టే అనిపించింది.

బాబేజీ 1791లో లండన్‌లో పుట్టాడు. అప్పట్లో లెక్కల పట్టికలు మనుషులే వేసేవారు, తప్పులు దొర్లేవి. ఆ తప్పులు ఆయనకి అస్సలు పడేవి కావు. ఆ పని యంత్రంతో చేయించాలని డిఫరెన్స్ ఇంజన్ మొదలుపెట్టాడు. 1823లో ప్రభుత్వం డబ్బులివ్వడం మొదలుపెట్టింది. తయారీ బాధ్యత జోసెఫ్ క్లెమెంట్ అనే పనిమంతుడిది. 1832లో యంత్రంలో ఒక భాగం పూర్తయింది, చక్కగా పనిచేసింది. మరుసటి ఏడాదే వర్క్‌షాపు మార్చే విషయంలో, డబ్బుల దగ్గర ఇద్దరికీ చెడింది. క్లెమెంట్ పని ఆపేశాడు. ఆనాటి ఆచారం ప్రకారం పనిముట్లు కూడా ఆయనవే అయ్యాయి.

ఇంతలో బాబేజీకి ఇంకా పెద్ద ఆలోచన వచ్చింది, అనలిటికల్ ఇంజన్. పాతదే పూర్తికాలేదు, ఈయనేమో కొత్తదాని గురించి చెప్తున్నాడు! పదిహేడు వేల పౌండ్లు పెట్టిన ప్రభుత్వం 1842లో చేతులెత్తేసింది. అప్పుడు ప్రధాని రాబర్ట్ పీల్‌ని కలిసే అవకాశం దొరికింది. యంత్రం ఎందుకు కావాలో చెప్పాల్సిన చోట బాబేజీ తనకి జరిగిన అన్యాయాలన్నీ ఏకరువు పెట్టాడు. మాటామాటా పెరిగింది, లేచి వచ్చేశాడు.

1843లో అడా లవ్‌లేస్ ఆ కొత్త ఇంజన్ మీద వచ్చిన ఫ్రెంచి వ్యాసాన్ని ఇంగ్లీషులోకి మార్చి, దానికి రెండు మూడు రెట్ల నోట్స్ రాసింది. ప్రభుత్వాన్ని విమర్శిస్తూ తను రాసిన ముందుమాటని పేరు లేకుండా అందులో కలపమన్నాడు బాబేజీ. ఆమె కుదరదంది. అలాగని ఆయన్ని వదిలేయలేదు. పెద్ద ఉత్తరం రాసింది. ఇకమీదట కలిసి పనిచేయాలంటే ఆయన యంత్రం మీద మనసు పెట్టాలి, బయటివాళ్ళతో వ్యవహారం తను చూసుకుంటుంది. ఆ షరతులకి ఆయన ఒప్పుకోలేదు. స్నేహం మాత్రం 1852లో ఆమె చనిపోయేదాకా నిలిచింది.

బాబేజీ 1871లో చనిపోయాడు. ఆయన గీసిన రెండో డిఫరెన్స్ ఇంజన్‌ని లండన్ సైన్స్ మ్యూజియం వాళ్ళు 1991లో ఆ డ్రాయింగ్స్ చూసి కట్టారు. లెక్క తప్పలేదు. అంటే ఆయన డిజైన్ కరెక్టే. యంత్రం ఆగిపోవడానికి కారణాలు చాలా ఉన్నాయి, అందులో ఆయన నోరు కూడా ఒకటి.

ఆన్‌లైన్ పర్సనాలిటీ టెస్టులో నాకు ఇంట్రోవర్ట్ అని వచ్చింది. మా టీమ్‌మేట్‌కి సరిగ్గా వ్యతిరేకం. మా టైపులే కలవవు అని నెల రోజులు వాడితో మాట్లాడటం మానేశాను. ఆ రాత్రి గైడ్ సార్‌కి పంపడానికి వాడి తప్పుల లిస్టు టైప్ చేసి పెట్టుకున్నాను. పదకొండు పాయింట్లు. పీల్ దగ్గరికి వెళ్ళిన బాబేజీని నేనే.

లిస్టు డిలీట్ చేసి వాడికే మూడు లైన్లు పంపాను. ఏ మాడ్యూల్ ఎవరిది, ఎప్పటికి, అడ్డొస్తే ఎవరికి చెప్పాలి. పొద్దున రిప్లై వచ్చింది. రెండో లైనుకి వాడు ఒప్పుకోలేదు. సాయంత్రం క్యాంటీన్‌లో కూర్చుని మాట్లాడుకుంటున్నాం.