సముద్రం కలిసిరాని హైదర్ అలీ
పెనుకొండ, హిందూపురం, ధర్మవరం ప్రాంతాలకు సముద్రం చాలా దూరం. 1776లో గుత్తి మురారి రావును ఓడించి ఈ సీమనంతా ఏలిన హైదర్ అలీకి మాత్రం ఇంగ్లీషోళ్ల బలం ఓడల్లోనే ఉందని బాగా తెలుసు. అందుకే మంగళూరులో తానూ ఓడలు కట్టించారు. 1780 డిసెంబరులో ఇంగ్లీషు అడ్మిరల్ హ్యూజ్ వాటిని రేవులోనే నాశనం చేశాడు.

ఇక మిగిలింది ఫ్రెంచివాళ్ల అండ. అమెరికా స్వాతంత్ర్య యుద్ధం అప్పటికే మన తీరందాకా పాకింది. 1782 జనవరిలో ఫ్రెంచి దళం 50 ఫిరంగుల ఇంగ్లీషు యుద్ధనౌక హానిబాల్‌ను పట్టుకుంది. అందులోని కుర్ర నావికులు కొందరు చివరికి శ్రీరంగపట్నం ఖైదులో తేలారు! జులైలో ఫ్రెంచి నౌకాధిపతి సఫ్రెన్ కడలూరులో దిగి హైదర్‌ను కలిశాడు. ఆ ఏడాది ఇద్దరు నౌకాధిపతులూ నాలుగుసార్లు తలపడ్డా సముద్రం ఎవరికీ దక్కలేదు.

డిసెంబరు 7న చిత్తూరు దగ్గరి శిబిరంలో వీపు మీది రాచపుండుతో హైదర్ కన్నుమూశారు. మలబారులో ఉన్న టిప్పు వచ్చేదాకా ఆ కబురు బయటికి పొక్కనివ్వలేదు.