పేదవాని కథ రాసిన సిల్లన్‌పా

ఐరోపా ఖండంలో ఉత్తరపు కొసన ఫిన్లాండు దేశమున్నది. అక్కడ అడవులు, సరస్సులు ఎక్కువ. ఆ దేశం నుండి సాహిత్యానికి నోబెల్ బహుమతి అందుకున్నవాడు ఈనాటి వరకు ఒక్కడే. ఆయన పేరు ఫ్రాన్స్ ఎమీల్ సిల్లన్‌పా.

ఆయన 1888 సెప్టెంబరు 16న హమీన్‌క్యురో అనే గ్రామీణ ప్రాంతంలో, ఒక పూరింట్లో పుట్టాడు. మంచు కురిసి పైరు పోయేది, పశువులు చచ్చేవి, పుట్టిన బిడ్డలూ చనిపోయారు. ఆ తల్లిదండ్రులకు మిగిలినవాడు ఈయన ఒక్కడే. వారు రెక్కలు ముక్కలు చేసుకొని అతణ్ణి తంపేరే పట్టణంలో చదివించారు. ఆ తరువాత ఒక ధనవంతుడు ఆదుకోగా 1908లో హెల్సింకి విశ్వవిద్యాలయంలో చేరి ప్రకృతి శాస్త్రాలు చదివాడు. అయిదేళ్ళు చదివినా పట్టా చేతికి రాలేదు. 1913 క్రిస్మస్‌కు ఉత్త చేతులతో ఇల్లు చేరాడు. ఆ ముసలి తల్లిదండ్రుల మనసు ఎంత కుంగి ఉంటుందో, పిల్లల చదువులకు అప్పులు చేసిన మీకు వేరే చెప్పనక్కరలేదు.

అయితే ఆయన చూపు నిలిచింది ఆ పల్లెలోనే. 1916లో సిగ్రిద్ అనే పనిపిల్లను పెండ్లాడాడు. ఆ ఏడే మొదటి నవల వచ్చింది.

1918లో ఫిన్లాండులో అన్నదమ్ముల యుద్ధం రేగింది. ఒకవైపు ప్రభుత్వపు తెల్లసేన, మరొకవైపు కూలీలు, కౌలుదారుల ఎర్రసేన. ఆ కౌలుదారులు కౌలును చాలామట్టుకు భూస్వామి పొలంలో పనిదినాలుగా చెల్లించేవారు. ఆయన మాట కాదంటే ఉన్న గుడిసె కూడా పోయేది. కొద్ది నెలల్లో 36 వేలకు పైగా జనం చచ్చారు. వారిలో ఎక్కువమంది ఓడిపోయిన ఎర్రవారే. యుద్ధం ముగిశాక వారి పేరెత్తడమే నేరమన్నట్టు ఉండేది.

సిల్లన్‌పా ఆ తిరుగుబాటులో చేరినవాడు కాడు. అయినా మరుసటి సంవత్సరమే, 1919లో, అటువంటి ఒక ఎర్రవాని కథ రాసి అచ్చు వేయించాడు. కథానాయకుడు యుహా తొయివొలా. కాల్చి చంపబడిన ఈ ముసలివాని చావుతోనే పుస్తకం మొదలవుతుంది. అక్కడినుండి రచయిత మనల్ని వెనక్కు, 1857లో అతడు పుట్టిన రోజుకు తీసుకొనిపోతాడు. 1860ల ఘోరమైన కరవు, అనాథ బాల్యం, పాలేరుతనం, కౌలు గుడిసె. భార్య పోతుంది. పట్నంలో పనికి కుదిరిన కూతురు నీళ్ళపాలవుతుంది. చివరకు ఆ తిరుగుబాటు ఎందుకో సరిగా బోధపడకుండానే యుహా అందులో చిక్కుకుంటాడు. రచయిత అతణ్ణి వీరుణ్ణి చేయలేదు. అతడు మందమతి, సోమరి, చూడటానికి కూడా బాగుండడు. నన్నడిగితే ఈ పుస్తకం గొప్పతనమంతా ఇక్కడే ఉన్నది. మంచివాడైన పేదవానిపై జాలిపడటం సులభమే గదా!

1931లో వచ్చిన 'సిల్యా' నవలతో ఆయన పేరు విదేశాలకు పాకింది. అది క్షయతో చిన్నవయసులోనే కన్నుమూసిన పనిపిల్ల కథ. ఆయన పుస్తకాల్లో ఎండ, చెట్టు, వేసవిరాత్రి వెలుగు కూడా మనుషులతో పాటు బ్రతుకుతాయి. చేతికి రాని ఆ చదువు ఇక్కడ పనికొచ్చింది.

1939 ఆయనకు విచిత్రమైన సంవత్సరం. ఏప్రిల్‌లో భార్య మరణించింది. నవంబరులో నోబెల్ బహుమతి ప్రకటించారు. తన దేశపు రైతుకూలీల బ్రతుకును, ప్రకృతితో వారికున్న అనుబంధాన్ని లోతుగా ఎరిగి చిత్రించినందుకే ఆ గౌరవం. అదే నెల 30న సోవియట్ సేనలు ఫిన్లాండుపై దాడి చేశాయి. దుఃఖం, తాగుడు కలిసి ఆయనను క్రుంగదీయగా కొన్నేళ్ళు ఆసుపత్రిలో గడపవలసి వచ్చింది.

బయటకు వచ్చినప్పుడు ఆయన గడ్డం పెరిగిన తాతయ్య. 1945 నుండి క్రిస్మస్ వేళ రేడియోలో మాట్లాడేవాడు. పూరింటిలో తన చిన్ననాటి క్రిస్మస్ ఎలా ఉండేదో చెబుతుంటే దేశమంతా, ఆనాడు ఒకరినొకరు చంపుకొన్న రెండు పక్షాల ఇళ్ళవారూ, రేడియో ముందు కూర్చొని వినేవారు. 1964 జూన్ 3న హెల్సింకిలో కన్నుమూసే నాటికి ఆయనను అందరూ పిలిచే పేరు తాతయ్యే.