కేఎస్‌ఆర్ అంటే సంగొళ్ళి రాయణ్ణ

తనకల్లు, కదిరి వైపు తండాల నుంచి పనులకు బెంగళూరు పోయే మన పిల్లలు ఎక్కువగా దిగేది మెజెస్టిక్‌లోనే. బస్టాండుకు ఎదురుగా పెద్ద రైల్వే స్టేషన్ ఉంది. టికెట్ మీద కేఎస్‌ఆర్ బెంగళూరు అని ఉంటుంది. ఆ అక్షరాలేమిటని మా హాస్టల్ పిల్లల్ని అడిగితే, కర్ణాటక ఆర్టీసీ బస్సుల పేరు అన్నారు! కాదు, అది ఒక మనిషి పేరు: క్రాంతివీర సంగొళ్ళి రాయణ్ణ. 2016 దాకా అది బెంగళూరు సిటీ స్టేషన్.

రాయణ్ణది బెళగావి జిల్లా సంగొళ్ళి. గొర్రెలు కాసుకునే కురుబ కులం. మన పక్క ఊళ్ళలోనూ కురుబలున్నారు కదా, వాళ్ళే. కిత్తూరు రాణి చెన్నమ్మ సైన్యంలో పనిచేశాడు. ఆమె దత్తపుత్రుణ్ణి వారసుడిగా ఒప్పుకోమని కంపెనీ వాళ్ళు మొండికేశారు. 1824 అక్టోబరు యుద్ధంలో కిత్తూరు గెలిచింది, కలెక్టర్ థాకరే చనిపోయాడు. డిసెంబరులో కోట పోయింది. రాణిని బైలహొంగలలో బంధించారు. రాయణ్ణా పట్టుబడి, 1826లో విడుదలయ్యాడు.

ఊరికొచ్చి చూస్తే భూమి చాలావరకు సర్కారు పాలైంది. మిగిలిన దానిమీద మోయలేని పన్ను. తనలాంటి రైతులనే, కూలీలనే కూడగట్టుకుని అడవుల్లోంచి దాడులు మొదలుపెట్టాడు. ఆయన గురిపెట్టింది సిపాయిల మీదే కాదు. కచేరీలు తగలబెట్టించాడు, ఖజానాలు దోచాడు, భూమి లెక్కల కాగితాలు కాల్పించాడు. ఆ కాగితాలే ఎందుకో మనకు ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేదు. డీకేటీ పట్టా కోసం మండలాఫీసు చుట్టూ ఏళ్ళ తరబడి తిరిగిన అమ్మానాన్నలు మన ఇళ్ళలోనే ఉన్నారు.

ఆయన జట్టులో గజవీర అనే సిద్దీ వీరుడు కూడా ఉన్నాడని అక్కడివాళ్ళు చెప్పుకుంటారు. ఆఫ్రికా మూలాలున్న సిద్దీలు ఇప్పుడు ఉత్తర కన్నడలో మనలాగే ఎస్టీలు.

1829లో చెన్నమ్మ చెరలోనే కన్నుమూసింది. రాయణ్ణ ఆగలేదు. దత్తపుత్రుడు శివలింగప్పను గద్దెనెక్కించాలని పోరాడాడు. కంపెనీ పటాలాలకు చిక్కనివాణ్ణి 1830లో సొంత ప్రాంతం వాళ్ళే మోసంతో పట్టిచ్చారు. 1831 జనవరి 26న నందగడ దగ్గర మర్రిచెట్టుకు ఉరితీశారు. ఆయన పుట్టినరోజుగా కన్నడిగులు జరుపుకునేదేమో ఆగస్టు 15. ఆ రెండు తేదీలూ తర్వాత దేశమంతటికీ పండుగలయ్యాయి.

నందగడలో ఆయన సమాధి దగ్గరి మర్రికి, పిల్లలు కావాలని మొక్కుకునే ఆడవాళ్ళు ఊయలలు కడతారు. చూడాలనుకుంటే దారి సులభమే. రాయణ్ణ పేరున్న స్టేషన్ నుంచి రోజూ రాత్రి ధారవాడ, బెళగావి మీదుగా ఒక రైలు బయల్దేరుతుంది. దాని పేరు రాణి చెన్నమ్మ ఎక్స్‌ప్రెస్.