రాజ్యం పోయింది, రాజు మిగిలిండు

సెప్టెంబర్ 17 వచ్చిందంటే మన ఫోన్లల్ల ఒక్కటే లొల్లి. ఒకలు విమోచనం అంటరు, ఒకలు విలీనం అంటరు, ఇంకొకలు విద్రోహం అంటరు. నేను మాత్రం ఆ ఒక్క రోజుకాడ ఆగకుండ మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ బతుకంత ఒక్కసారి చూడున్రి అంట. రాజ్యం మారినప్పుడు ఎవలు బాగుపడ్డరు, ఎవలు ఆగమైన్రు అన్నది ఆయన కతల తేటగ కనవడ్తది.

1886ల పుట్టిండు. 1911ల గద్దెనెక్కేనాటికి పాతికేండ్లు. ఉస్మాన్‌సాగర్, నిజాంసాగర్ కట్టించిండు. హైకోర్టు, ఉస్మానియా దవాఖాన, యూనివర్సిటీ లేపిండు. వీటిని కాదనేది లేదు. 1937ల అమెరికా టైమ్ పత్రిక లోకంల అందరికన్న పైసలున్న మనిషని అట్ట మీద ఆయన బొమ్మేసింది.

ఆ పైస యాడికెల్లి వచ్చింది మరి? రాజ్యం భూమిల నూటికి పది పాళ్లు సర్ఫెఖాస్, అంటే నిజాం సొంతం. ఇంకో ముప్పై పాళ్లు జాగీర్లు. మిగిలిన దివానీ ఇలాకల దేశ్‌ముఖ్‌లదే పెత్తనం. ఒక్క విస్నూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డి చేతులనే 60 ఊర్లు, 40 వేల ఎకరాలు. చాకలోళ్లు, మంగలోళ్లు, మాదిగోళ్లు పైస లేకుంట వెట్టి చెయ్యాలె.

1946 జూలై 4న కడవెండిల దొడ్డి కొమరయ్యను కాల్చి చంపినంక ఊర్లు భగ్గుమన్నయి. జనం గడీల మీదికి పోయిన్రు, భూములు పంచుకున్నరు. రజాకార్లు ఊర్ల మీద వడ్డరు. 1948 సెప్టెంబర్ 13న ఇండియా ఫౌజు దిగింది, 17న నిజాం లొంగిపోయిండు.

ఓడిన రాజుకు ఏమైంది? జైలు లేదు, కేసు లేదు. ఏడాదికి 50 లక్షల రాజభరణం. 1950 జనవరి 26 నుంచి 1956 దాక రాజ్‌ప్రముఖ్, అంటే ఇప్పటి గవర్నర్ లెక్క. ఖాసిం రజ్వీ 1957 దాక జైల్ల ఉండి పాకిస్తాన్ పోయిండు. ప్రధాని లాయక్ అలీ 1950లనే కావలోళ్ల కండ్లుగప్పి ఆడికే చేరిండు. జాగీర్లు 1949ల రద్దయినయి గని, జాగీర్దార్లకు పరిహారం కట్టిచ్చిన్రు. పట్నం ఉరికిన దొరలు ఫౌజు ఎనక గాంధీ టోపీలు పెట్టుకొని మల్ల ఊర్లకు వచ్చిన్రు.

నిజాం మీద తుపాకి వట్టినోళ్ల మీదికే ఆ ఫౌజు మర్లింది. 1951 అక్టోబర్ల పోరాటం ఆపేదాక అడవుల్ల, జైళ్లల్ల చచ్చినోళ్లు ఎందరో. 1952ల నల్లగొండ జనం రావి నారాయణరెడ్డిని నెహ్రూకన్న ఎక్కువ మెజారిటీతోని గెలిపిచ్చిన్రు. ఓటు గెలిచింది, పంచుకున్న భూమి మాత్రం చానామంది చేతులకెల్లి జారిపోయింది.

ఇంకొకలున్నరు, వాళ్ల ఊసు మన లొల్లిల రానే రాదు. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ దిక్కు ముసల్మానులు. నెహ్రూ సర్కారు పంపిన సుందర్‌లాల్ కమిటీ, తక్కువల తక్కువ లెక్కేసినా 27 వేల నుంచి 40 వేల మంది చచ్చిన్రని రాసింది. రజాకార్లు చేసిన పాపం, రజాకార్లతోని ఏ సంబంధం లేనోళ్ల మీద వడ్డది. రాజు మాత్రం కింగ్ కోఠిల సల్లగ ఉండె. ఆ రిపోర్టును ఏండ్లకేండ్లు బయటికి రానియ్యలే.

ఇంకో ముచ్చట. యుద్ధం టైమ్‌ల నిజాం అయిదు టన్నుల బంగారం దానం చేసిండని వాట్సాప్‌ల తిరుగుతది. 1965ల ఆయన పెట్టింది 425 కిలోలు, అదీ వడ్డీ వచ్చే గోల్డ్ బాండ్లల్ల.

1967 ఫిబ్రవరి 24న కన్నుమూసిండు. జనాజ ఎనక పట్నం పట్నమే కదిలింది. కింగ్ కోఠి ఎదురుంగ జూదీ మసీదుల వండబెట్టిన్రు.

1948 సెప్టెంబర్‌ల లండన్ బ్యాంకుల పాకిస్తాన్ రాయబారి పేరు మీదికి పోయిన 10 లక్షల పౌండ్లు మాత్రం అట్లనే ఉన్నయి. వడ్డీతోని మూడున్నర కోట్ల పౌండ్లు అయినయి. 2019ల తీర్పొచ్చింది. ఇండియా, నిజాం వారసులు గెలిచిన్రు, పాకిస్తాన్ ఓడింది. ఆ పైసల్ల వెట్టి చేసినోళ్ల వాటా ఎంతనో ఎవలూ కేసెయ్యలే.