సగం జీతం మీద లేచిన గుమ్మటం

సర్ క్రిస్టఫర్ రెన్ 1632లో ఇంగ్లండులో జన్మించారు. మొదట ఖగోళశాస్త్ర ఆచార్యులు. 1666 అగ్నిప్రమాదంలో లండన్ నగరం చాలావరకు దగ్ధమైంది. 1669లో ఆయన రాజుగారి కట్టడాల సర్వేయర్ జనరల్ అయ్యారు. యాభైకి పైగా చర్చిల పునర్నిర్మాణం ఆయన పర్యవేక్షణలో సాగింది.

బరోక్ శైలి గుమ్మటంతో పేరుపొందిన సెయింట్ పాల్స్ కెథెడ్రల్ పని 1675లో ఆరంభమైంది. ఆలస్యమవుతోందని పార్లమెంటు 1697లో ఆయన జీతం సగం నిలిపివేసింది. ఏడాదికి 200 పౌండ్లే ఆ జీతం! అయినా రెన్ పని ఆపలేదు. లోపలి, బయటి గుమ్మటాల నడుమ ఇటుకల శంకువు కట్టించి, శిఖరం బరువంతా దానిపై మోపారు.

బకాయి 1711లో గాని చేతికి రాలేదు. బకాయిల కోసం ఎదురుచూపు ఎలాంటిదో మనకు వేరే చెప్పనక్కరలేదు. 49 ఏళ్ల కొలువు తర్వాత, 1718లో, 85 ఏళ్ల వయసులో ఆయనను పదవి నుంచి తొలగించారు. 1723లో మరణించిన రెన్‌కు తాను కట్టిన ఆ కెథెడ్రల్‌లోనే సమాధి దక్కింది. తొలగించిన వారి పేర్లు నేడు ఎందరికి గుర్తు?