దామెర్ల రామారావు: చిత్రకారుని సంసారం

కామాటిపుర పేరు వినగానే మన పల్లెలవారికి స్ఫురించేది బొంబాయి కట్టడాలకు చెమటోడ్చిన తెలుగు కామాటీల కష్టమే. అదే నగరానికి 1916లో రాజమహేంద్రవరం నుండి మరొక తెలుగు యువకుడు చిత్రలేఖనం అభ్యసించడానికి చేరారు. ఆయనే దామెర్ల రామారావు. 1897 మార్చి 8న జన్మించిన ఆయన ప్రతిభను గుర్తించి జె.జె. కళాశాలకు పంపినవారు రాజమహేంద్రవరం ఆర్ట్సు కళాశాల ప్రిన్సిపాలు కూల్డ్రే దొర.

చదువు ముగించి స్వస్థలానికి వచ్చాక అసలు పరీక్ష మొదలయింది. బొమ్మలను మెచ్చుకొనేవారే గాని కొనేవారు అరుదైన కాలమది. నెలజీతపు భరోసా లేని చిత్రకారునితో కాపురమంటే, పిల్లనిచ్చే తల్లిదండ్రులు నేటికీ సంశయిస్తారు. అందులో తప్పు లేదు. అయితే ఆయన సతీమణి సత్యవాణి భర్త కళను దూరంనుండి చూస్తూ ఊరుకోలేదు, తానూ కుంచె పట్టారు. సోదరి బుచ్చికృష్ణమ్మ సైతం చిత్రకారిణి అయ్యారు. స్త్రీలు చిత్రలేఖనం నేర్వడమే వింతగా తోచే ఆ రోజులలో ఇది సామాన్యమైన విషయం కాదు. 1922లో రామారావు రాజమహేంద్రవరంలో చిత్రకళాశాలను నెలకొల్పారు.

1925 ఫిబ్రవరి 6న మశూచికం ఆయనను బలిగొన్నది. అప్పటికి ఇరువదెనిమిదేండ్లు నిండలేదు. సత్యవాణికి మిగిలినవి చిత్రాలు. మిత్రుడు వరదా వెంకటరత్నం ప్రభృతులు వాటిని చెల్లాచెదరు కానీయలేదు. రాజమహేంద్రవరంలో ఆయన పేరిట వెలసిన చిత్రశాలలో వాటిని నేటికీ చూడవచ్చును.