చెంచా లెక్క నేర్పిన ఫ్యానీ

ఆమధ్య అమెరికాలో మా అమ్మాయి దగ్గరున్నప్పుడు ఆపిల్ క్రిస్ప్ చేయబోయాను. ఆపిల్ ముక్కల మీద ఓట్స్, మైదా, వెన్న, బెల్లంపొడి కలిపి పరిచి, ఓవెన్‌లో కాల్చే తీపి వంటకం అది. నలభై ఏళ్ళుగా వండుతున్న చేయి కదా, కొలతలెందుకని గుప్పెళ్ళతో వేసేశాను. మైదా ఎక్కువై, వెన్న తక్కువై పై పొర కరకరలాడటం మాట అటుంచి పొడిపొడిగా రాలిపోయింది! మా అమ్మాయి నవ్వుతూ కొలత కప్పులు, చెంచాలు ముందు పెట్టింది. వాటితోపాటు ఫ్యానీ ఫార్మర్ పేరున్న లావుపాటి పుస్తకం ఒకటి. ఆవిడ కథ తెలుసుకున్నాక నా క్రిస్ప్ పాడైనందుకు బాధ పోయింది.

ఫ్యానీ 1857లో బోస్టన్‌లో పుట్టింది. నలుగురు ఆడపిల్లల్లో పెద్దది. ఆడపిల్లలకి చదువు ఉండాల్సిందేనని నమ్మిన తల్లిదండ్రులు ఆమెను కాలేజీకి పంపాలనుకున్నారు. కానీ పదహారేళ్ళ వయసులో పక్షవాతం వచ్చింది. చదువు ఆగిపోయింది. కొన్నేళ్ళు నడవలేకపోయింది. మెల్లగా కోలుకున్నా కుంటు మాత్రం ఉండిపోయింది.

ఇల్లు గడవడానికి వాళ్ళింట్లో కొందరికి బస, భోజనం ఏర్పాటు చేస్తే, ఆ వంటల్లో ఫ్యానీ చేయి తిరిగింది. ముప్ఫై ఏళ్ళు వచ్చాక బోస్టన్ కుకింగ్ స్కూల్లో చేరింది. మనలో చాలామంది ఇక కొత్తగా నేర్చుకునేదేముందిలే అనుకునే వయసు! 1889లో చదువు ముగించి అక్కడే సహాయకురాలైంది. 1891కల్లా ఆ స్కూలుకే ప్రిన్సిపాల్!

అప్పట్లో అక్కడి వంటల పుస్తకాల్లో కోడిగుడ్డంత వెన్న, టీకప్పుడు పిండి అని రాసేవారు. ఎవరి టీకప్పు? ఎంత గుడ్డు? ఫ్యానీ దీన్ని ఒప్పుకోలేదు. కప్పు నిండా వేసి, పైన కత్తితో సమంగా గీయాలి, చెంచా అయినా అంతే అని పట్టుబట్టింది. ఈ ఆలోచన ఆమె ఒక్కదానిదే కాదు. అదే స్కూల్లో ముందు పాఠాలు చెప్పిన మేరీ లింకన్ 1884లో రాసిన పుస్తకం ఆమెకు పునాది. కానీ ఆ కొలతను ఇంటింటికీ చేర్చింది ఫ్యానీయే.

1896లో ఆమె రాసిన పుస్తకం అమ్ముడుపోతుందని ప్రచురణకర్తలకు నమ్మకం లేదు. ఖర్చు ఆమే పెట్టుకుంటే మూడువేల ప్రతులు వేశారు. ఆమె పోయేనాటికి మూడు లక్షల అరవై వేలకు పైగా అమ్ముడుపోయాయి!

1902లో సొంత స్కూలు పెట్టింది. రోగుల ఆహారం మీద 1904లో పుస్తకం రాసింది. హార్వర్డ్ వైద్య విద్యార్థులకూ పాఠాలు చెప్పింది. మంచాన పడ్డవాళ్ళకి తిండి ఎలా ఉండాలో ఆమెకన్నా ఎవరికి తెలుసు! చివరి ఏడేళ్ళూ చక్రాల కుర్చీలోనే. అయినా 1915 జనవరిలో చనిపోవడానికి పదిరోజుల ముందు వరకూ ఉపన్యాసాలు ఆపలేదు.

చిత్రమేమిటంటే, 1896 నాటి పుస్తకంలో ఈ క్రిస్ప్ లేదు. కానీ నాకు కుదిరింది ఆవిడ పద్ధతిలోనే. అయిదు ఆపిల్స్ చెక్కు తీసి ముక్కలు కోసి, లోతు పళ్ళెంలో పరవండి. గీసి కొలిచిన కప్పు అటుకుల్లాంటి ఓట్స్, అర కప్పు మైదా, అర కప్పు బెల్లంపొడి, అర టీస్పూను దాల్చినచెక్క పొడి, 100 గ్రాముల వెన్న వేళ్ళతో నలిపి పైన చల్లండి. 180 డిగ్రీల వేడిలో నలభై నిమిషాలు. అంచుల్లో రసం ఉడుకుతూ, పైన ఎర్రబడితే అయినట్టే. వేడివేడిగా తినాలి.

మా అమ్మ బొబ్బట్లకి ఏది ఎంత వేయాలని అడిగితే, చేతికే తెలుస్తుందిలే అనేది. ఆ చేయి పోయింది, ఆ రుచీ పోయింది. పక్కన అమ్మ లేని పిల్లకి కొలతే అమ్మ అని ఇప్పుడర్థమైంది. అందుకే మొన్న ఆవకాయ కలిపేటప్పుడు కారం, ఆవపిండి, ఉప్పు, నూనె అన్నీ కప్పుతో గీసి కొలిచి కాగితం మీద పెట్టాను. మా అమ్మాయికి పంపడానికి. మీరూ ఈ ఏడాది ఒక్క వంటైనా అలా రాసిపెట్టండి మరి!